గోపీచంద్‌ను సినిమా మింగలేదు

త్రిపురనేని గోపీచంద్ గురించి ఒక మాట మన మధ్య చాలా ఏళ్ళుగా చెలామణీ అవుతోంది. సినిమాల్లోకి వెళ్ళి పదమూడేళ్ళు పాడుచేసుకున్నాడట. ఆ మోజు లేకపోతే ఇంకెన్ని గొప్ప నవలలు రాసి ఉండేవాడో అట. సభల్లో అంటారు, ముందుమాటల్లో రాస్తారు, పాఠం చెబుతూ చెబుతూ నిట్టూర్చి మరీ అంటారు. ఎవరు మొదలుపెట్టారో ఎవరికీ గుర్తులేదు కాబట్టి ఎవరినీ పేరుపెట్టి తప్పుపట్టను. కానీ ఈ మాట ఇప్పుడు పరీక్షల నోట్సులోకి ఎక్కి కూచుంది. అందుకే ఊరుకోబుద్ధి కావడం లేదు.

తార్నాక నుంచి మా బౌద్ధనగర్ దాకా ఉన్న జిరాక్సు షాపుల్లో స్పైరల్ బైండింగు చేసిన తెలుగు సాహిత్యం నోట్సు దొరుకుతుంది. ఉస్మానియా యూనివర్సిటీలో చదువుకునే పిల్లలు, చదువయ్యాక రూము తీసుకుని నెట్‌కీ, జేఎల్‌కీ ప్రిపేరయ్యే పిల్లలు అందరూ అదే కొనుక్కుంటారు. మా మేడమీద గదిలో ఉండే అబ్బాయి దగ్గర ఆ కట్ట చూశాను. గోపీచంద్‌కు ఒక పేజీ ఇచ్చారు. పేజీని నిలువుగా గడులు కొట్టి హేతువాద దశ, రాయిస్టు దశ, అరవింద దశ అని మూడు పేర్లు పెట్టారు. రెండో గడికీ మూడో గడికీ మధ్య సన్నగా ఇంకో గడి. అందులో ఉన్నదంతా ఇంతే: 1939 నుంచి 1952 వరకు సినిమా వ్యాసంగం, సృజన కుంటుపడిన కాలం. ఆ వాక్యం కింద ఆకుపచ్చ ఇంకుతో రెండు గీతలు గీసి ఉన్నాయి. పేజీ అడుగున మరో రెండు సంగతులు. ‘అసమర్థుని జీవయాత్ర’ సినిమా పరాజయాల అనుభవం నుంచి పుట్టిన నవల అని ఒకటి. 1963లో సాహిత్య అకాడెమీ అవార్డు అందుకున్నారని ఇంకొకటి.

“ఇందులో మూడూ తప్పే బాబూ” అన్నాను.

“సార్, అందరం గిదే బట్టీ కొట్టినం. బిట్టు అడిగితే గిదే టిక్కు పెడతం” అన్నాడు ఆ అబ్బాయి.

అతని తప్పేం లేదు. పెద్దవాళ్ళు చెప్పింది పిల్లలు నేర్చుకుంటారు. నా పోరు ఆ పెద్దవాళ్ళతో.

ముందుగా ఒక చిన్న లెక్క చూడమంటాను. అదే పేజీలో ఉన్న రెండు వాక్యాలను పక్కపక్కన పెట్టి చూడండి. పదమూడేళ్ళూ సృజన కుంటుపడిందని పైన అంటారు. ఆ పదమూడేళ్ళ అనుభవం లోంచే ఆయన అత్యుత్తమ నవల పుట్టిందని కింద అంటారు. రెండూ ఒకేసారి నిజం కాలేవు. తేదీలు చూస్తే రెండింటిలో ఏదీ నిజం కాదని తేలుతుంది.

గోపీచంద్ 1910 సెప్టెంబరు 8న కృష్ణా జిల్లా అంగలూరులో పుట్టాడు. తండ్రి కవిరాజు త్రిపురనేని రామస్వామి చౌదరి. శంబుకవధ, సూతపురాణం రాసి, పురాణాలను బోనులో నిలబెట్టి క్రాస్ ఎగ్జామిన్ చేసిన మనిషి. ఆ ఇంట్లో పెరిగిన పిల్లవాడికి వాదన ఉగ్గుపాలతో వచ్చింది. లా చదివాడు, కొంతకాలం ప్లీడరీ చేశాడు, అది ఒంటబట్టక వదిలేశాడు. కథలు రాస్తున్నాడు. తరవాత ఎం.ఎన్. రాయ్ భావాలవైపు నడిచి, ఆంధ్రలో రాడికల్ డెమోక్రాటిక్ పార్టీకి కార్యదర్శిగా పనిచేశాడు. ఆ పార్టీ దేశంలో పుట్టింది 1940లో. దాన్ని రాయ్ రద్దు చేసింది 1948లో. అంటే గోపీచంద్ రాయిస్టు కార్యదర్శిగా తిరిగిన కాలమూ, సినిమాల్లో ఉన్న కాలమూ ఒకటే. నోట్సులో వీటిని రెండు వేరు గడుల్లో పెట్టి మధ్యన గీత గీశారు. మనిషి మాత్రం ఒకే రోజుల్లో రెండు పనులూ చేశాడు.

ఇక 1939లో ఆయన అడుగుపెట్టిన సినిమా ఎలాంటిది? ఇక్కడ కాస్త ఆగాలి. సినిమా మోజు అన్న నింద అంతా ఈ ప్రశ్న అడగకపోవడం వల్ల వచ్చింది.

అంతకు ముందు సంవత్సరం, 1938లో, గూడవల్లి రామబ్రహ్మం సారథి సంస్థకు ‘మాలపిల్ల’ తీశాడు. కథ చలానిది, మాటలు తాపీ ధర్మారావువి. అంటరానితనం మీద, దేవాలయ ప్రవేశం మీద తెరమీద జరిగిన పెద్ద వాదన అది. అదే సారథి సంస్థ, అదే రామబ్రహ్మం మరుసటి ఏడు తీసిన సినిమా ‘రైతుబిడ్డ’. దానికి మాటలు రాసింది గోపీచంద్. పాటలు రాసినవారిలో కొసరాజు రాఘవయ్య చౌదరి ఉన్నాడు, సినిమాకు ఆయన రాయడం అదే మొదలు. రైతు నర్సిరెడ్డిగా వేసింది బళ్ళారి రాఘవ. ఎన్నికల్లో జమీందారు నిలబెట్టిన మనిషికి కాదని, రైతుల అభ్యర్థికి ఓటు వేయాలనుకున్న రైతు మీద జమీందారు మనుషులు చేసే దౌర్జన్యం ఆ కథ. ఎన్.జి. రంగా వంటివాళ్ళు జమీందారీ రద్దుకోసం ఊరూరా రైతు సభలు పెడుతున్న రోజులవి. జమీందార్లు భగ్గుమన్నారు. కోర్టుల దాకా వెళ్ళారు. కొన్నిచోట్ల ప్రభుత్వం ఆ బొమ్మను నిషేధించింది. ఆ సినిమా తీసిన సంస్థకు అధ్యక్షుడు చల్లపల్లి జమీందారే కావడం తెలుగు సినిమా చరిత్రలో ఇప్పటికీ తీరిగ్గా ఆలోచించవలసిన సంగతి.

ఇది మోజుకొద్దీ వెళ్ళిన చోటా? తండ్రి పద్యాల్లో చేసిన పనిని కొడుకు మాటల్లో చేయడానికి దొరికిన వేదిక అది. పుస్తకం కొనేవాళ్ళు వందల్లో ఉన్న కాలంలో, అచ్చక్షరం రానివాడు కూడా కూచుని వినగలిగిన చోటు సినిమా హాలు. జమీందారు గుమాస్తాకి ఎదురుచెప్పే రైతు నోట పలకాల్సిన మాట ఏమిటి, ఎంత పొడుగు ఉండాలి, ఎక్కడ ఆగాలి అని ముప్పై నిండని వయసులో కూచుని ఆలోచించడం సృజన కాక మరేమిటి? సినిమాకు మాటలు రాయడం రచన కాదని ఏ శాస్త్రంలో ఉంది? నాటకానికి రాస్తే సాహిత్యం, రేడియోకు రాస్తే సాహిత్యం. సినిమా దగ్గరికి వచ్చేసరికి వ్యామోహం అయిపోతుంది.

 

ఇప్పుడు అసలు తేదీ. ‘అసమర్థుని జీవయాత్ర’ 1945–47 మధ్య వచ్చిన నవల. గోపీచంద్ కథా రచయితగా పనిచేసిన ‘గృహప్రవేశం’ విడుదలైంది 1946లో. ఎల్.వి. ప్రసాద్ దర్శకుడిగా తొలి తెలుగు సినిమా అదే. భానుమతి, సి.ఎస్.ఆర్. నటించిన సాంఘికం, నవ్వించే బొమ్మ. నవ్వించే ఆ బొమ్మకు కథ అల్లిన చెయ్యీ, తెలుగు నవలలో అంతకు ముందు ఎవరూ తొంగిచూడని చీకట్లోకి కథానాయకుడు సీతారామారావును దింపిన చెయ్యీ ఒకటే, ఆ రోజులూ ఒకటే. మనోవైజ్ఞానిక నవల అని మన విమర్శకులు ఏ నవలతో లెక్క మొదలుపెడతారో ఆ నవల సినిమా వ్యాసంగం అనే గడి నట్టనడుమ ఉంది. ఆ గడిలోనే దాన్ని రాసి, దానిపైన సృజన కుంటుపడిన కాలం అని పేరు పెట్టడం ఎలా కుదిరింది? ఎవరూ తేదీలు పక్కపక్కన పెట్టి చూడలేదు, అంతే.

ఆ నవల మీద కొంచెం నిలబడతాను. సీతారామారావుది పేరున్న వంశం. వంశ ప్రతిష్ఠ నిలబెట్టమని తండ్రి చెప్పి పోతాడు. ఆ ప్రతిష్ఠ అంటే దానం చేయడం, అడిగినవాడికి లేదనకపోవడం, నలుగురిలో గొప్పగా కనిపించడం అని వీడు అనుకుంటాడు. ఆస్తి కరిగిపోతుంది. ఉద్యోగం చేయవలసి వస్తుంది, చేయలేడు. భార్య ఇందిర సామాన్యంగా అడిగే మాటల్లో ఏదో అవమానం వినిపిస్తుంది. తనను చూసి ఎవరు నవ్వినా తట్టుకోలేడు, ఎవరు జాలిపడినా తట్టుకోలేడు. ప్రతి ఓటమికీ ఒక సిద్ధాంతం తయారుచేసుకుంటాడు. చివరికి శ్మశానంలో తనమీద తానే కసి తీర్చుకుని పోతాడు.

ఈ నవలలో నన్ను పట్టేది సీతారామారావు మాట్లాడే పద్ధతి. అతను భార్యతో మొదలుపెట్టే ప్రతి సంభాషణ రెండు మూడు మాటల్లో ఆమెను వదిలేసి తనలోకి తిరుగుతుంది. ఆమె అడిగింది ఒకటి, అతను జవాబు చెప్పేది తన లోపల ఎవరో అడిగిన ఇంకో ప్రశ్నకి. రామయ్య తాత లాంటి నిబ్బరమైన మనిషి ఎదురుపడ్డప్పుడు అతని వాదన ఇంకా పదునెక్కుతుంది, ఇంకా అర్థంలేనిదవుతుంది. ఎదుటివాడి మాటకీ జవాబుకీ మధ్య ఉండే ఆ ఖాళీని రాయడం వట్టి వ్యాసరచయితకు చేతకాదు. ఏళ్ళ తరబడి మనుషుల నోట మాటలు పెట్టి, నటుడు పలికితే ఎలా ఉంటుందో విని, బాగాలేనిది కొట్టేసి మళ్ళీ రాసిన మనిషికి ఆ చెవి వస్తుంది. ఇది నా అభిప్రాయం. దీన్ని ఒప్పుకోకపోయినా ఫరవాలేదు. తేదీలు మాత్రం అభిప్రాయాలు కావు.

ఈ పుస్తకాన్ని, ‘ఎందుకు’ అని అడగడం నేర్పిన తండ్రికి అంకితమిచ్చాడు గోపీచంద్. కవిరాజు పోయింది 1943లో. అంటే తండ్రి పోయిన దుఃఖం ఉంది, రాయ్ పార్టీ పని ఉంది, మద్రాసు సినిమా పని ఉంది. ఈ మూడింటి మధ్య కూచుని రాసిన నవల అది. ఆ మూడింటిలో ఏదో ఒకటి లేకపోతే ఆ నవల ఇంకా బాగుండేదని చెప్పగల మనిషి ఎవరు?

రెండో ఆరోపణకు వస్తాను. సినిమాల్లో దెబ్బతిని, చేతులు కాల్చుకుని, ఆ కసితో అసమర్థుణ్ణి సృష్టించాడని. వినడానికి చాలా బాగుంటుంది. సీతారామారావే గోపీచంద్ అని తేల్చేస్తే నవల చదవక్కరలేదు కూడా. కానీ గోపీచంద్ మెగాఫోను పట్టింది 1950లో. ‘లక్ష్మమ్మ’ 1950, ‘పేరంటాలు’ 1951, ‘ప్రియురాలు’ 1952. మూడు సినిమాలు, మూడేళ్ళు. దర్శకుడిగా ఆయనకు ఎదురుదెబ్బలు తగిలింది ఈ మూడేళ్ళలోనే. అప్పటికి అసమర్థుడి శవం కాలి బూడిదై కొన్నేళ్ళయింది. నాలుగేళ్ళ తరవాత తగలబోయే దెబ్బ నొప్పితో ముందే నవల రాయడం ఎవరికీ సాధ్యం కాదు.

‘లక్ష్మమ్మ’ సంగతిలో ఇంకో గందరగోళం కూడా ఉంది. అక్కినేనితో లక్ష్మమ్మ తీశాడని ఒకాయన నాతో వాదించాడు. అక్కినేని, అంజలీదేవి వేసింది ‘శ్రీ లక్ష్మమ్మ కథ’, దాని దర్శకుడు ఘంటసాల బలరామయ్య. అదీ 1950లోనే వచ్చింది. జనంలో ఉన్న ఒకే కథను రెండు సంస్థలు ఒకరి మీద ఒకరు పోటీపడి తీశాయి. గోపీచంద్ తీసిన లక్ష్మమ్మలో ప్రధాన పాత్ర కృష్ణవేణిది. ఇలాంటి చిన్న సంగతి కూడా సరిచూసుకోనివాళ్ళు ఆయన సినిమా జీవితం మొత్తానికి తీర్పు చెప్పేస్తున్నారు.

ఒక మాట నేనూ ఒప్పుకుంటాను. దర్శకుడిగా గోపీచంద్ పెద్దగా రాణించలేదు. ‘ప్రియురాలు’ ఆడలేదు. ఆ సినిమాతో కొంగర జగ్గయ్య అనే నటుడు తెరమీదికి వచ్చాడు, అది మనకు మిగిలిన లాభం. దర్శకత్వం మనిషిని నిలువునా పిండేసే పని. ఫ్లోరు అద్దె దగ్గర్నుంచి హీరోయిన్ కాల్షీటు దాకా అన్నీ నెత్తిన పడతాయి. ఆ మూడేళ్ళలో ఆయన నవలకు కూచోలేకపోయి ఉంటే ఆశ్చర్యం లేదు. కానీ మూడేళ్ళను పదమూడేళ్ళు చేయడం అన్యాయం. దర్శకుడిగా తగిలిన దెబ్బను రచయిత ఖాతాలో రాయడం ఇంకా అన్యాయం.

1952 తరవాత ఏం జరిగింది? ప్రభుత్వ సమాచార శాఖలో ఉద్యోగం చేశాడు, ఆకాశవాణిలో చేశాడు. ‘మెరుపుల మరకలు’, ‘పండిత పరమేశ్వర శాస్త్రి వీలునామా’ లాంటి నవలలు ఇచ్చాడు. ‘తత్వవేత్తలు’ రాశాడు. ప్రపంచ తత్వశాస్త్రాన్ని మామూలు పాఠకుడి ముందు పెట్టిన ఆ వ్యాసాల్లో ఎక్కడా పండితుడి బిగింపు ఉండదు. ‘పోస్టు చెయ్యని ఉత్తరాలు’ వచ్చాయి. అరవిందుడి వైపు మనసు తిరిగింది. కలం ఎండిపోయినవాడి పదేళ్ళు ఇలా ఉంటాయా? ఇంకో సంగతి గమనించండి. ప్రభుత్వ ఉద్యోగం ఆయన సృజనను తినేసిందని ఒక్కరూ అనరు. రేడియో మింగేసిందని అనరు. నెల జీతం తీసుకునే కుర్చీకి ఆ మర్యాద ఉంది. మద్రాసులో కథా చర్చలకు కూచున్న కుర్చీకి మాత్రం లేదు.

పైగా ఆయన సినిమాను పూర్తిగా వదిలేసిందీ లేదు. డాక్టర్ పి. శ్రీదేవి రాసిన ‘కాలాతీత వ్యక్తులు’ ఆధారంగా అన్నపూర్ణ సంస్థ ‘చదువుకున్న అమ్మాయిలు’ తీసింది, దర్శకుడు ఆదుర్తి సుబ్బారావు. దానికి మాటల రచయితగా గోపీచంద్ పనిచేశాడు. అది 1963లో జనంలోకి వచ్చింది. అప్పటికి ఆయన లేడు. ఒక గొప్ప నవలాకారుడు, ఇంకో గొప్ప నవలను తెరకు మార్చే పనిలో చెయ్యి వేయడం మన సాహిత్యంలో అరుదైన సంగతి. సినిమాలో కథ చాలా మారింది, శ్రీదేవి నవలలోని ఇందిరను వెతికితే అక్కడ దొరకదు. అయినా ఇద్దరు రచయితల మధ్య జరిగిన ఆ లావాదేవీని ఎవరైనా కూచుని పరిశీలించారా? వ్యామోహం అన్న గడిలో వేసి మూత పెట్టేశాక ఎవరు పరిశీలిస్తారు?

మూడో తప్పు సాహిత్య అకాడెమీ అవార్డు సంగతి. గోపీచంద్ 1962 నవంబరు 2న పోయాడు, యాభై రెండేళ్ళకే. ‘వీలునామా’కు అవార్డు ప్రకటించింది 1963లో. ఆయన అందుకోలేదు. అంతకు ముందు ఏడు విశ్వనాథకు వచ్చింది, అది పద్యాలకు. ఒక తెలుగు నవలకు అకాడెమీ అవార్డు రావడం గోపీచంద్ పుస్తకంతోనే మొదలు, ఆ మొదలును రచయిత చూడలేదు. అందుకున్నారు అని రాసే చెయ్యికి ఈ రెండు తేదీల మధ్య ఉన్నది తెలియాలి. కులం దాటి పెళ్ళి చేసుకున్న కూతురి ముందు బిగుసుకుపోయిన పండితుడి కథ అది. రచయిత కేశవమూర్తి చుట్టూ మిత్రులు చేరి పేజీల కొద్దీ వాదించుకుంటారు. ఆ వాదనలు మరీ ఎక్కువయ్యాయని నాకూ అనిపిస్తుంది. అయితే ఆ బరువు సినిమా వల్ల వచ్చింది కాదు. సినిమా నేర్పిన క్లుప్తత ఆయన అక్కడ పక్కన పెట్టేయడం వల్ల వచ్చింది.

గోపీచంద్ ఒక్కడే అయితే ఇంత రాయనక్కరలేదు. ఇదే చాకిరేవులో పాలగుమ్మి పద్మరాజును కూడా ఉతుకుతారు. కాకినాడ పి.ఆర్. కాలేజీలో 1939 నుంచి 1952 దాకా కెమిస్ట్రీ చెప్పిన మనిషి. ఆ 1952లోనే న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ నడిపిన ప్రపంచ కథల పోటీలో ‘గాలివాన’ రెండో బహుమతి తెచ్చుకుంది. ఆ తరవాత మద్రాసు వెళ్ళాడు, బి.ఎన్. రెడ్డితో కూచున్నాడు. జార్జ్ ఎలియట్ నవల ‘సైలస్ మార్నర్’ను తెలుగు నేలమీద నాటి ‘బంగారు పాప’ చేశారు, అది 1955లో వచ్చింది. 1966లో ‘రంగులరాట్నం’. నగరం ఒక సామాన్య కుటుంబాన్ని ఎలా నలుపుతుందో, రాజకీయం అన్నదమ్ముల మధ్యకు ఎలా వస్తుందో చూపిన బొమ్మ. అది చూసినవాడెవడూ పద్మరాజు అక్కడ కాలం వృథా చేశాడని అనడు. ఈ మధ్యలోనే, దీని తరవాతా ఆయన కథలు రాశాడు, నవలలు రాశాడు. ‘రామరాజ్యానికి రహదారి’ లాంటి పెద్ద రాజకీయ నవల సినిమా రంగం చూసొచ్చిన పద్మరాజు రాసిందే. 1983లో పోయాడు, అకాడెమీ అవార్డు 1985లో ఆయన కథల పుస్తకానికి ఇచ్చారు. ఆయన చేతికీ అందలేదు.

బయటి దేశాల్లో చూస్తామా? విలియం ఫాక్నర్ 1932 నుంచి హాలీవుడ్‌కు రాస్తూ వచ్చాడు. ‘ఆబ్సలమ్, ఆబ్సలమ్!’ 1936లో తెచ్చాడు. ‘ది బిగ్ స్లీప్’ సినిమా రాసిన బృందంలో ఉన్నాడు, అది 1946 నాటి బొమ్మ. 1949 సంవత్సరానికి నోబెల్ వచ్చింది. డబ్బు అవసరం కోసమే హాలీవుడ్‌కు వెళ్ళాడని ఆయన జీవితం రాసినవాళ్ళు దాచలేదు. అంతమాత్రాన ఫాక్నర్‌ను సినిమా మింగిందని అమెరికా పరీక్షల్లో బిట్టు పెట్టరనుకుంటాను.

డబ్బు మాట వచ్చింది కాబట్టి అది కూడా సూటిగా చెప్పుకుందాం. గోపీచంద్ కాలంలో నవల రాసి ఇల్లు గడుపుకున్న తెలుగు రచయితలు అరుదు. వెయ్యి కాపీలు అమ్ముడుపోవడానికి తరచూ ఏళ్ళు పట్టేది. తెలుగు రచయిత ముందు ఉన్న దారులు ప్లీడరీ, పంతులుద్యోగం, పత్రికాఫీసు, రేడియో, సినిమా. వీటిలో నాలుగింటికి గౌరవం ఇచ్చి, అయిదోదాన్ని పతనం అనడంలో సాహిత్య విచక్షణ ఏమీ లేదు. మన పండిత వర్గానికి నాటకాలాడేవాళ్ళంటే తరతరాలుగా ఉన్న చిన్నచూపు అది. కవిరాజు బతికుంటే ఈ చిన్నచూపును కూడా ఒక సూతపురాణంలో బోనెక్కించి ఉండేవాడు.

దీనివల్ల జరుగుతున్న నష్టం కంటికి కనిపించేదే. గోపీచంద్ మీద థీసిస్ రాయాలనుకునే విద్యార్థి నేరుగా మూడు దశలకు వెళ్ళిపోతాడు. హేతువాదం నుంచి ఆధ్యాత్మికానికి ప్రయాణం అని పేరు పెట్టి అధ్యాయాలు కట్టేస్తాడు. ‘రైతుబిడ్డ’ మాటలను పాఠ్యంగా చదివేవాడు లేడు. పాత సినిమాలు ఎన్నో ఇవాళ చేతిలో ఉన్న ఫోనులోనే దొరుకుతున్నాయి. ఒకప్పటిలాగా రీలు కోసం మద్రాసు వెళ్ళనక్కరలేదు. అయినా చూడడు, ఎందుకంటే అక్కడ చూడాల్సింది ఏమీ లేదని నోట్సు ముందే తేల్చింది. అలా చూడనివాడికి ఇంకో దారి కూడా కనిపించదు. తండ్రి 1939లో కోస్తా జమీందారుకు ఎదురుతిరిగిన రైతుకు మాటలు రాశాడు. నలభై ఏళ్ళ తరవాత కొడుకు సాయిచంద్ ‘మా భూమి’లో తెలంగాణ దొరకు ఎదురుతిరిగిన రామయ్యగా వేశాడు. అది గౌతమ్ ఘోష్ తీసిన బొమ్మ, బి. నర్సింగరావు నిర్మాణం. ఇక్కడి జనం ఆ బొమ్మను ఎంతగా గుండెలకు హత్తుకున్నారో క్యాంపస్‌లో ఏ పాత విద్యార్థిని అడిగినా చెబుతాడు. ఆ సినిమా గురించి గంటలు మాట్లాడేవాళ్ళకు కూడా, ఆ హీరో తండ్రి ‘రైతుబిడ్డ’ రచయిత అని చెబితే ముఖాలు చూసుకుంటారు.

సినిమాకు వెళ్ళకపోతే ఇంకా గొప్ప నవల రాసేవాడేమో కదా అని చివరికి ఒక పెద్దమనిషి అడిగాడు. ఏమో. ప్లీడరీ మానకపోతే అసలు రాసేవాడే కాదేమో. తండ్రి తెనాలి బదులు ఇంకెక్కడో స్థిరపడి ఉంటే కథల జోలికే వచ్చేవాడు కాదేమో. జరగని బతుకు మీద ఎవరి ఊహ వాళ్ళది. జరిగిన బతుకులో 1939 ఉంది, 1946 ఉంది, 1950 ఉంది, 1962 ఉంది. వాటి వరస మార్చే హక్కు మనకు లేదు.

నోట్సు తయారుచేసేవాళ్ళను నేను కోరేది కష్టమైన పని కాదు. ఆ సన్నటి గడి తీసేసి, సినిమాలనూ నవలలనూ పార్టీ పనినీ ఒకే వరసలో సంవత్సరాల ప్రకారం రాయండి. అవార్డు దగ్గర మరణానంతరం అని ఒక్క మాట చేర్చండి. క్యాంపస్‌లో ఎవరైనా ‘రైతుబిడ్డ’ సంభాషణలనూ, ‘ధర్మవడ్డీ’ కథనూ, ‘అసమర్థుని జీవయాత్ర’నూ పక్కపక్కన పెట్టి పని మొదలుపెడతానంటే ఆ కథ, ఆ నవల ఉన్న పాత ప్రతులు నా దగ్గరున్నాయి. సినిమా మాటలు విని రాసుకోవడానికి మనిషి తోడు కావాలంటే సాయంత్రాలు నేనూ కూచుంటాను.